తెర వెనుక కంఠం: ఎస్. జానకి

హైదరాబాదు నగరం నుండి ఉత్తరదిశగా రెండు పెద్ద దారులు బయలుదేరుతవి. ఒకటి మేడ్చల్ మీదుగా నాగపూరు వైపు పోతుంది. రెండవది శామీర్‌పేట చెరువు ప్రక్కగా సాగి, సిద్దిపేట మీదుగా కరీంనగర్ చేరుతుంది. ఈ రెండు దారుల నడుమనే నా బాల్యం గడిచింది. శామీర్‌పేట దారిన సిద్దిపేట దాకా పోయి, అక్కడి నుండి ఇంకా ఉత్తరానికి కొంతదూరం పోతే, మగ్గాల చప్పుడుకు పేరుపడిన సిరిసిల్ల వస్తుంది. ఆ ఊరిలో, దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన రోజుల్లో, తొమ్మిదేండ్ల బాలిక ఒకతె మొదటిసారి వేదికనెక్కి పాడింది. తరువాత అరవై యేండ్లకు పైగా దక్షిణదేశం నాలుగు చెరగులా వినిపించిన ఆ కంఠం శిష్ట్లా జానకిగారిది. సినిమా ప్రపంచంలో ఆమె ఎస్. జానకి.

ఆమె పాడిన పాటలెన్ని అన్న లెక్క నేను ఎత్తుకోను. లెక్కలు చెప్పేవారు పలువురు ఉన్నారు, వారి లెక్కలు ఒకరిదానితో ఒకరిది కలియవు. నేను చెప్పదలచినది వేరొక సంగతి. సినిమా తెర ఈమెను దాచింది. రేడియో ఈమె పేరు చెప్పింది. తెర దాచినంతగా దాగగలగడమే నేపథ్యగాయని విద్య. ఆ విద్యలో ఇంత దూరం పోయిన వ్యక్తికి చివరకు దక్కవలసినది ఏమిటి? ఆ ప్రశ్నే నేటి ప్రసంగానికి విషయం.

నేపథ్యమంటే తెర వెనుక భాగమని మనకు తెలుసు. పూర్వం నాటకంలో పాత్రధారియే పాడవలె, పాడలేనివాడు పాత్రకు పనికిరాడు. మన టాకీల ఆరంభకాలంలోనూ అంతే. తరువాత ముఖం ఒకరిది, గొంతు ఒకరిది కావచ్చునన్న పద్ధతి వచ్చింది. 1943 నాటి ‘భాగ్యలక్ష్మి’ చిత్రంలో కమలా కోట్నీస్‌కు రావు బాలసరస్వతీదేవిగారు పాడినది తెలుగులో ఇందుకు ఆరంభమని చెప్పుకొంటారు. పద్ధతి వచ్చింది కాని, పాడినవారి పేరుకు చోటు రాలేదు. 1949లో వచ్చిన ‘మహల్’ అనే హిందీ చిత్రంలోని పాట దేశాన్ని ఊపివేసినది. కాని ఆ రికార్డు మీద మొదట అచ్చు వేసినది ‘కామిని’ అన్న పాత్ర పేరు మాత్రమే. పాడినది లతా మంగేష్కర్ అని ప్రజలకు తెలియవలసి వచ్చినప్పుడు, ఎవరీ గాయని అని శ్రోతలు రేడియోవారికి ఉత్తరాలు వ్రాసి అడిగినారు. సినిమా మొదట్లో పడే అక్షరాలలో గాయకుల పేర్లన్నీ ఒకే పలకమీద వచ్చి పోతవి. ఏ పాట ఎవరిదో అందులో ఉండదు. చదువురానివారికి ఆ పలక ఉన్నా లేనట్లే.

మా ఊళ్లలో అట్టివారే ఎక్కువ. ఆ రోజుల్లో మేడ్చల్, శామీర్‌పేట ప్రాంతం ద్రాక్షతోటలకు పేరు. మావైపు అంగూర్ తోటలంటారు. మా పెద్దమ్మ ఆ తోటలలో కూలికి పోయేది. ఆమెకు అక్షరం రాదు. సినిమాకు పోయినది జీవితంలో నాలుగైదు సార్లు. కాని సాయంత్రం పంచాయతీ కచేరీ ముందర రేడియో పలికితే, కాయ గంప దించి అక్కడే కూర్చునేది. అనౌన్సరు చిత్రం పేరు, పాట వ్రాసినవారి పేరు, పాడినవారి పేరు చెప్పేవారు. ఆ మూడవ పేరు కొరకు పెద్దమ్మ చెవి నిలిపేది. ‘జానకి’ అని వినపడితే, “ఎవరి బిడ్డనో, ఆమె కడుపు సల్లగుండ” అనేది. పెద్దమ్మకు అది సీతమ్మవారి పేరు. ఆ పేరు గల పిల్ల తమ ఇంటి పిల్లయే అన్నట్లు మాట్లాడేది.

ఇక్కడ రేడియో కథ ఒక్క మాట చెప్పవలె. మా ప్రాంతానికి మొదట నిజాం ప్రభుత్వం నాటి దక్కన్ రేడియో ఉండేది. 1950 ఏప్రిల్ 1వ తేదీన అది ఆకాశవాణిలో కలిసినది. 1952 తరువాత ఆకాశవాణి పెద్దలు సినిమా పాటను దాదాపు గడప దాటనీయలేదు. శ్రోతలు ముల్లు త్రిప్పి రేడియో సిలోన్ పట్టుకొన్నారు. అక్కడ మీనాక్షి పొన్నుదురైగారి కంఠంలో తెలుగు ప్రకటన విని మురిసినవారు ఎందరో. ఆఖరికి 1957 అక్టోబరు 3వ తేదీన ఆకాశవాణి వివిధభారతిని ప్రారంభించింది. సినిమా పాట మరల మన రేడియోలోకి వచ్చింది. సరిగ్గా ఆ సంవత్సరమే జానకిగారు సినిమాలలో పాడనారంభించినారు. ఇది కాకతాళీయమే. అయినా ఈ రెండూ చేయి చేయి పట్టుకొని నడిచినట్లే నాకు తోస్తుంది.

ఆమె 1938 ఏప్రిల్ 23వ తేదీన గుంటూరు జిల్లా రేపల్లె తాలూకా పల్లపట్లలో జన్మించినారు. తండ్రి శ్రీరామమూర్తిగారు ఆయుర్వేద వైద్యులు, ఉపాధ్యాయులు. ఆయన ఉండిన సిరిసిల్లలోనే ఆమె బాల్యం చాలవరకు గడిచింది. సంగీతంలో తొలిపాఠాలు చెప్పినవారు పైడిస్వామి అనే నాదస్వర విద్వాంసులు. ఆపై ఏండ్ల తరబడి గురుకులవాసం చేసి నేర్చిన శాస్త్రీయ సంగీతం కాదు ఆమెది. విని పట్టుకొన్నది ఎక్కువ. 1956లో ఆకాశవాణి జరిపిన పోటీలో రెండవ బహుమతి పొంది, దానిని రాష్ట్రపతి బాబూ రాజేంద్రప్రసాద్ గారి చేతుల మీదుగా అందుకొన్నారు. పెద్దల సలహా మీద మదరాసు చేరి ఏ.వి.యం. స్టూడియోలో గాయనిగా కుదిరినారు. 1957లో టి. చలపతిరావుగారి సంగీతంలో ‘విధియిన్ విళైయాట్టు’ అనే తమిళ చిత్రానికి మొదటి పాట పాడినారు. ఆ యేటనే తెలుగులో ‘ఎం.ఎల్.ఏ.’ చిత్రంలో ఘంటసాలగారితో కలిసి పాడినారు. ఆమె జన్మించినది తెలుగు ఇంట, మొదట పాడినది తమిళం. తరువాత కన్నడిగులు, కేరళీయులు కూడ ఆమెను జానకమ్మ అని తమ మనిషిగానే పిలుచుకొన్నారు.

1962లో తమిళాన ‘కొంజుం సలంగై’ వచ్చింది. అందులో ఒక పాటకు ప్రక్కన కారుకురిచ్చి అరుణాచలం గారి నాదస్వరం ఉన్నది. నాదస్వరం ఆలయ ప్రాకారాలు దాటి ఊరంతా వినిపించవలసిన వాద్యం. దాని ప్రక్కన ఆడగొంతు నిలవడం సులభం కాదు. గట్టిగా పాడితే గొంతు చీలుతుంది, మెత్తగా పాడితే వాద్యంలో మునిగిపోతుంది. జానకిగారు ఆ రెండూ చేయలేదు. నాదస్వరం ఏ గమకాన్ని ఎట్లా వంచుతుందో, తమ గొంతును అట్లే వంచినారు. పోటీ అన్న మాట మరచి, రెండు వాద్యాలు మాట్లాడుకొంటున్నవని విన్నవారు అనుకొన్నారు. ఈ చిత్రమే తెలుగులో ‘మురిపించే మువ్వలు’. తెలుగు పాట కూడ ఆమెదే. బాల్యంలో నాదస్వర విద్వాంసుని వద్ద కూర్చున్న పిల్లకు ఆ వాద్యం ఊపిరి తెలియడంలో వింత లేదు.

1964లో బి.ఎన్. రెడ్డిగారి ‘పూజాఫలం’ వచ్చింది. సాలూరు రాజేశ్వరరావుగారు హిందోళ రాగంలో కట్టిన ఒక పాట అందులో ఉన్నది. వ్రాసినవారు సి. నారాయణరెడ్డిగారు. ఆయన జన్మస్థలం వేములవాడ దగ్గరి హనుమాజీపేట, అనగా సిరిసిల్ల పొరుగు. ఒకే ప్రాంతపు గాలి పీల్చిన కవీ గాయనీ మదరాసులో ఒక పాట దగ్గర కలిసినారన్నమాట. ఈ సంగతి మా పెద్దమ్మకు తెలియదు. ఆ పాట వచ్చినప్పుడు మాత్రం ప్రక్కవారిని మాట్లాడనిచ్చేది కాదు.

ఇక ఆమె బహుముఖత్వం. ఈ మాటను మనం తేలికగా వాడుతాము. అన్ని రకాల పాటలు పాడగలిగితే బహుముఖమంటాము. జానకిగారి విషయంలో నేను చూచినది అంతకంటె కష్టమైనది. ఆమె వయస్సును విడిచిపెట్టగలరు. సంవత్సరాలు చూడండి. 1977లో ‘పదినారు వయదినిలే’ అనే తమిళ చిత్రంలో పదహారేండ్ల పల్లెపిల్లకు పాడినారు. దానికి జాతీయ బహుమతి వచ్చింది. అప్పుడామెకు 39 యేండ్లు. మరుసటి యేడు అదే కథ తెలుగులో ‘పదహారేళ్ళ వయసు’గా వస్తే, ఆ పిల్లకు ఈ గొంతే. 1981లో కె. విశ్వనాథ్ గారి ‘సప్తపది’లో గోవుల మీది పాటకు చిన్నపిల్లవాని గొంతు పెట్టినారు, తమిళంలో ‘మౌనగీతంగళ్’కు కూడ అదే యేట పసిగొంతు పెట్టినారు. అప్పటికి ఆమెకు 43 యేండ్లు. 1992లో ‘తేవర్ మగన్’లో, పాడుమని భర్త అడిగితే సిగ్గుపడే కొత్త కోడలికి పాడినారు, దానికీ జాతీయ బహుమతి. ఆ సిగ్గు పలికిన గొంతుకు వయస్సు 54.

‘సప్తపది’ పాట వచ్చిన రోజుల్లో మేడ్చల్ రైలు స్టేషను దగ్గరి చాయ్ హోటలులో ఒక పందెం పడింది. రేడియోలో పాట అయిపోయింది. పాడినవారు ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం, ఎస్. జానకి అని అనౌన్సరు చెప్పినారు. మరి పిల్లవాడెవరు? వాని పేరు చెప్పడం మరచిపోయినారని ఒకరు. పిల్లలకు పేరు చెప్పరని ఒకరు. పాడినది జానకియే అన్న నన్ను చూచి అందరూ నవ్వినారు. ఇంటికి వచ్చి ఈ మాట పెద్దమ్మతో అన్నాను. ఆమె కొంతసేపు ఊరకున్నది. తరువాత, “పిల్లవాని నోట్లో ఆమెనే ఉన్నదంటె, ఇన్నాళ్లు నేను విన్నదాంట్ల ఎవరెవరున్నరో” అన్నది. ఆమె మాటలో కొంచెం దిగులు కూడ వినిపించింది. తన బిడ్డ అనుకొన్న కంఠానికి తన ముఖమంటూ ఒకటి లేదని ఆమెకు తోచినట్లున్నది. ఆ దిగులుకు సమాధానం చెప్పడానికి నాకు చాలా కాలం పట్టింది.

ఈ మారువేషం ఎట్లా కుదురుతుంది? నటుడు వేషం మార్చాలంటే రంగు, కట్టు, నడక ఉన్నవి. గాయనికి ఉన్నవి ఊపిరి, నోరు. పసిపిల్లల గొంతు పెట్టాలంటే శ్రుతి పెంచితే చాలదు. పిల్లలు మాటను పూర్తిగా మూయరు, అక్షరాల అంచులు మెత్తగా వదులుతారు, ఊపిరి చాలక పాదం మధ్యలో ఆగుతారు. సిగ్గుపడే స్త్రీ మాటను మొదలు పెట్టి వెనుకకు లాగుకొంటుంది. ఇవన్నీ తాళం తప్పకుండా, స్వరం జారకుండా చేయవలె. ఆ కాలంలో గాయకులు, వాద్యగాండ్రు అందరూ కలిసి ఒకేసారి పాడి ముగించవలసిందే. ఒకరు తప్పితే అందరూ మళ్లీ మొదటికి రావలె. భాష తమది కాకపోతే పాటను తమ లిపిలో వ్రాసికొని, ఉచ్చారణ చెప్పించుకొని నిలుచోవలె. ఇంత చేస్తూ జానకిగారు మైకు ముందర కదలక మెదలక నిలిచి, ముఖాన భావమేమీ చూపకుండా పాడేవారని ఆమెతో కలిసి పాడినవారు చెప్పుతూ వచ్చినారు. పాటకు ఇవ్వవలసినది ముఖానికి కూడ మిగల్చకుండా గొంతుకే ఇచ్చినారన్నమాట.

జాతీయ బహుమతులు ఆమెకు నాలుగు. రెండు తమిళానికని చెప్పినాను. తెలుగుకు వచ్చినది 1984 నాటి ‘సితార’ పాటకు. వ్రాసినవారు వేటూరి, సంగీతం ఇళయరాజా. మలయాళానికి వచ్చినది 1980 నాటి ‘ఓప్పోళ్’ చిత్రానికి. ఆ కథ చెప్పుకోదగ్గది. ఓప్పోళ్ అంటే అక్క. చిత్రంలోని పిల్లవాడు తన తల్లిని అక్క అనుకొని పెరుగుతుంటాడు. తల్లి తాను తల్లినని చెప్పుకోలేదు. అట్టి స్త్రీకి పాడవలసిన గొంతులో అక్క పైకి వినపడవలె, తల్లి లోపల ఉండవలె. తాను ఎవరో చెప్పుకోకుండా ప్రేమించడం ఆ పాత్ర కష్టం. నేపథ్యగాయని జీవితమంతా చేసే పని కూడ అదే. 1989లో ‘మౌనపోరాటం’ అనే తెలుగు చిత్రానికి ఆమె సంగీతం కూర్చినారు. ఒక్కసారి మాత్రం పాటకు ఇల్లు కట్టిన చేయి కూడ ఆమెదే అయినది.

ఇప్పుడు 2013 సంగతి. ఆ యేడు కేంద్రప్రభుత్వం ఆమెకు పద్మభూషణ్ ప్రకటించింది. ఆమె వద్దన్నారు. ఇది చాలా ఆలస్యంగా వచ్చినదని, దక్షిణాది కళాకారులకు తగిన గుర్తింపు దక్కడం లేదని చెప్పినారు. ఇందులో అహంకారం చూచినవారు ఉన్నారు. గౌరవం ఎప్పుడు వచ్చినా చేతులు జోడించి తీసికోవలెనన్నది మన పెద్దల మర్యాద. ఆ మర్యాదను నేను తక్కువ చేయను. కాని ఇంకొక విధంగా చూడండి. 55 యేండ్లు ఆమె నోట పలికినది ఎవరెవరి మాటలో. పదహారేండ్ల పిల్ల మాట, పసివాని మాట, కొత్త కోడలి మాట. ఆమె పేరున, ఆమె గొంతున, ఆమె మాటగా లోకం మొత్తం విన్నది బహుశా ఇదొక్కటే. ఆ మాట ‘కాదు’ అన్నది కావడం కొందరికి కష్టమనిపించింది. అది సొంత మాట కావడమే నాకు ముఖ్యమనిపించింది. తన కొరకే కాక తోటివారి కొరకు కూడ ఆమె పలికినారు.

మూడేండ్ల తరువాత, 2016లో, ఇక పాడనని ఆమె చెప్పినారు. అందుకొరకు ఎన్నుకొన్న పాట ‘పత్తు కల్పనకళ్’ అనే మలయాళ చిత్రంలోని జోలపాట. 2017 అక్టోబరులో మైసూరులో కచేరీ చేసి వేదిక వద్ద కూడ సెలవు తీసికొన్నారు. ఆ తరువాత ఒకటీ అరా పాడినా, ఆమె నిర్ణయం బరువు తగ్గలేదు. గొంతు బాగుండగానే ఆపడం కళాకారులకు కష్టమైన పని. ప్రజలు ఇంకా అడుగుతూ ఉండగా ఆపడం మరీ కష్టం.

నేడు పాట వినడానికి పంచాయతీ కచేరీ దాకా పోనక్కర లేదు. తపాలా కచేరీలో రేడియో లైసెన్సు కట్టనక్కర లేదు. మేడ్చల్‌లో అంగూర్ తోటలు చాలవరకు పోయి ఇండ్లు లేచినవి. ప్రతివారి చేతిలోని ఫోనులో వేల పాటలున్నవి. ఒకటి ముగియగానే ఇంకొకటి దానంతటదే వస్తుంది. నడుమ పేరు చెప్పే మనిషి లేడు. పేరు తెర మీద చిన్న అక్షరాలలో ఉంటుంది, చూచేవారికి. తిరిగి మనం సినిమా పలక దగ్గరికే వచ్చినాము. అప్పుడు అక్షరం రానివారికి ఆ పేరు తెలియలేదు, ఇప్పుడు అక్షరం వచ్చినవారు దానిని చదువడం లేదు.

పెద్దమ్మ దిగులుకు సమాధానం దొరికినదని చెప్పినాను కాదు. ఇన్ని గొంతులలో దాగినా ఆ మనిషి పోలేదు. ఎవరి సుఖదుఃఖమైనా ఆమెకు పరాయిది కాలేదు, అంతే. అట్టివారికి మనం ఇవ్వగలిగినది ఒక్కటే: పాట ముగిసిన తరువాత పేరు చెప్పడం. మీ ఇంట ఈ రాత్రి ఆమె పాట ఏదైనా వినిపిస్తే, దగ్గర కూర్చున్న పిల్లలకు ఆ మూడు ముక్కలు చెప్పండి. చిత్రం ఫలానా. వ్రాసినవారు ఫలానా. పాడినవారు ఎస్. జానకి.